మైన్‌క్రాఫ్ట్ మొబైల్‌లో చేపలు పట్టడం ఎలా: గాలం తయారీ నుంచి వండుకోవడం దాకా

"బెండు మునిగింది, లాగాను, ఏమీ రాలేదు." మైన్‌క్రాఫ్ట్ ఆడే పిల్లలు, వాళ్ళతో కలిసి ఆడే పెద్దలు నన్ను అడిగేవాటిలో సగం ఇదే. మిగతా సగం: "అరగంట కూర్చున్నా నాలుగు చేపలే పడ్డాయి, నీళ్ళల్లో చేపలు లేవా?" ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పే బదులు అంతా ఒకచోట రాసేస్తే అందరికీ ఈ లింకే పంపొచ్చు కదా అనిపించింది.

ఇది ఫోన్‌లో, ట్యాబ్‌లో ఆడే బెడ్‌రాక్ ఎడిషన్ సంగతి. దాన్నే ఒకప్పుడు పాకెట్ ఎడిషన్ అనేవాళ్ళు, అందులోకి గాలం 2015లో వచ్చింది. కంప్యూటర్‌లో ఆడే జావా ఎడిషన్ వీడియోలు చూసి "చుట్టూ 5 బై 5 నీళ్ళు లేకపోతే నిధి రాదట కదా" అని కంగారు పడుతున్నారు కొందరు. ఆ నియమం జావా వాళ్ళది. మీరు దాని జోలికి పోనక్కర్లేదు.

ఏమేం కావాలి

- చెట్టు దుంగలు 2. ఒకదాన్ని పలకలు చేస్తే 4 వస్తాయి, వాటితో క్రాఫ్టింగ్ టేబుల్. రెండోదాని పలకల్లో 2 వాడితే 4 పుల్లలు. గాలానికి 3 చాలు.
- దారం 2. దీని దగ్గరే అందరూ ఆగిపోతారు, కింద వివరంగా చెప్తాను.
- ఫర్నేస్‌కి 8 కాబుల్‌స్టోన్, కొంచెం బొగ్గు. చేపలు కాల్చుకోవడానికి.
- ఒక పెట్టె, ఒక మంచం, నాలుగైదు టార్చ్‌లు.

ఎర అక్కర్లేదు. మా ఊళ్ళో కాలువ గట్టు మీద కూర్చోవాలంటే ముందు పొద్దున్నే తడి మట్టి తవ్వి ఎర్రలు ఏరుకోవాలి. ఇక్కడ ఆ బాధ లేదు. నీళ్ళల్లో ఈదుతూ కనిపించే చేపలకీ మీ గాలానికీ కూడా సంబంధం లేదు. ఒక్క చేపా కనబడని గుంటలోనూ గాలానికి చేప పడుతుంది. అందుకని చేపల గుంపు కోసం సముద్రమంతా తిరగకండి.

1. దారం సంపాదించండి

సాలీడును చంపితే 0 నుంచి 2 దారాలు రాలతాయి. సున్నా కూడా రావొచ్చు కాబట్టి రెండు మూడు సాలీళ్ళను లెక్కలో పెట్టుకోండి. రాత్రిపూట అవే మీద పడతాయి. పట్టపగలు వెలుతురులో మాత్రం మనం కొట్టనంతవరకూ వాటి దారిన అవి పోతాయి. కొత్తవాళ్ళకు నా సలహా: తెల్లవారాక బయటికి వచ్చి, రాత్రి మిగిలిపోయిన సాలీడును వెతికి, రెండు బ్లాకుల ఎత్తున నిలబడి కత్తితో కొట్టండి. గోడలు ఎక్కగలవు, కాబట్టి ఎత్తులో ఉన్నాం కదా అని నిశ్చింతగా ఉండకండి.

చచ్చిన సాలీడు నుంచి ఎర్రటి కన్ను కూడా రాలొచ్చు. ఆకలిగా ఉందని దాన్ని తినకండి, విషం.

సాలీళ్ళంటే భయమైతే ఇంకో దారి ఉంది. పాడుబడ్డ గనుల్లో వేలాడే బూజును కత్తితో తెంపితే దారం వస్తుంది. కానీ అదే గనుల్లో నీలిరంగు పొట్టి సాలీళ్ళు ఉంటాయి, అవి కరిస్తే విషం ఎక్కుతుంది. రెండు దారాల కోసం అంత సాహసం దండగ. ఆటను పీస్‌ఫుల్‌లో పెట్టుకుంటే సాలీళ్ళే పుట్టవు, అప్పుడు మాత్రం బూజే గతి.

2. గాలం చేయండి

క్రాఫ్టింగ్ టేబుల్ తెరవండి. తొమ్మిది గడుల్లో కింద ఎడమ మూల ఒక పుల్ల, నట్టనడుమ ఒకటి, పైన కుడి మూల ఒకటి. ఏటవాలు గీతలా వస్తుంది. ఆ పై పుల్ల కిందున్న రెండు గడుల్లో దారాలు పెట్టండి. చేతిలో సరుకు ఉంటే పక్కనున్న జాబితాలో ఫిషింగ్ రాడ్ బొమ్మ కనిపిస్తుంది, దాన్నే నొక్కినా చాలు.

ఎక్కడో దొరికిన విరిగిపోబోతున్న గాలాలు రెండుంటే, వాటిని పక్కపక్కన పెట్టి కలిపితే ఒకటి గట్టిది వస్తుంది. అయితే వాటికి మంత్రాలు (ఎన్‌చాంట్‌మెంట్లు, అంటే వస్తువుకు అద్దే అదనపు శక్తులు) ఉంటే అవి పోతాయి. మంత్రమున్న గాలాన్ని ఇలా కలపకండి.

బెడ్‌రాక్‌లో కొత్త గాలం 384 సార్లు వాడకానికి ఆగుతుంది. జావాలో 64 మాత్రమే. ఈ ఒక్క విషయంలో ఫోన్‌లో ఆడేవాళ్ళదే అదృష్టం.

3. చోటు చూసుకోండి

నది, చెరువు, సముద్రం, పెరట్లో మీరే తవ్వి బకెట్లతో నింపిన గుంట, ఏదైనా పర్లేదు. చూడాల్సింది ఒక్కటే: బెండు పడే చోట పైన ఆకాశం కనబడాలి. పైన కప్పు ఉంటే చేప పడే సమయం దాదాపు రెట్టింపు అవుతుంది.

మా మేనల్లుడు రెండు రోజులు కష్టపడి నీళ్ళ మీద ముచ్చటైన పందిరి కట్టాడు. లాంతర్లు, చెక్క మెట్లు, అన్నీ ఉన్నాయి. "మామయ్యా, ఇంత మంచి రేవు కట్టినా చేపలు రావట్లేదు" అన్నాడు. చూస్తే పందిరి వాడి నెత్తి మీద ఆగలేదు, నీళ్ళ మీదికి ఆరు బ్లాకులు సాగి ఉంది. ఆ ముందు భాగం పీకించాను. కూర్చునే చోట పైకప్పు పెట్టుకోండి, నీళ్ళ మీద వద్దు. చెట్ల కొమ్మల కింద కూడా వెయ్యకండి.

గట్టున కంచె కట్టుకుంటే వెనక, పక్కల కట్టండి. ముందు కడితే పైకి ఎగిరొచ్చే చేప దానికి తగిలి నీళ్ళల్లోనే పడుతుంది. నీళ్ళ మీద తామరాకులు ఉంటే ముందు వాటిని తీసేయండి, బెండు ఆకు మీద కూర్చుంటే ఏమీ జరగదు.

వాన పడుతుంటే ఇంట్లోకి పరుగెత్తకండి. వానలో చేప త్వరగా పడుతుంది.

4. గాలం వేయండి

గాలాన్ని చేతిలోకి తీసుకోండి. ఆ తర్వాత ఏం నొక్కాలన్నది మీ టచ్ సెట్టింగ్‌ని బట్టి ఉంటుంది. తెరపై ఫిష్ అన్న బటన్ కనిపిస్తే అదే. నడిమధ్య ప్లస్ గుర్తు పెట్టుకుని ఆడే క్రాస్‌హెయిర్ పద్ధతిలో ఉంటే, వస్తువులు వాడే బటన్ నొక్కాలి. కొట్టే బటన్ కాదు. వేయడానికీ లాగడానికీ ఒకటే బటన్.

చూపు నీళ్ళకు సమాంతరంగా, రవ్వంత పైకి పెట్టి వేయండి. మరీ పైకి చూస్తే బెండు అవతలి గట్టు మీద పడుతుంది, మరీ కిందికి చూస్తే మీ కాళ్ళ దగ్గరే. నీళ్ళల్లో పడి తేలుతుంటే సరే. నేల మీద పడితే వెంటనే లాగి మళ్ళీ వేయండి. గొర్రెకో ఆవుకో తగులుకుంటే లాగగానే అది మీ వైపు వస్తుంది, సరదాగానే ఉంటుంది గానీ గాలం అరుగుతుంది.

వేశాక మీరు కదలకండి. 32 బ్లాకులు దాటి పోతే తీగ తెగుతుంది. చేతిలో వస్తువు మార్చినా బెండు మాయం.

5. బెండును కాదు, బుడగల గీతను చూడండి

అసలు విద్య ఇక్కడే ఉంది. నిదానంగా చదవండి.

గాలం వేశాక మంత్రాలు లేకపోతే 5 నుంచి 30 సెకన్లు ఏమీ జరగదు. బెండు ఊరికే ఊగుతూ ఉంటుంది. అలల మీద అది కొంచెం పైకీ కిందికీ ఆడటం మామూలే. దాన్ని చూసి చాలామంది బటన్ నొక్కేస్తారు. ఖాళీ గాలం తిరిగొస్తుంది, మళ్ళీ మొదటి నుంచి నిరీక్షణ. ఇలా పదిసార్లు చేసి "నీళ్ళల్లో చేపలు లేవు" అంటారు.

కాసేపటికి బెండుకు కొన్ని బ్లాకుల దూరంలో నీటి మీద చిన్న చిన్న చుక్కల గీత పుడుతుంది. అది నేరుగా రాదు. ఓ పక్కకు వంకరగా వచ్చి, మళ్ళీ సర్దుకుని, బెండు వైపు సాగుతుంది. కనబడని చేప వస్తోందన్నమాట. గీత కనిపించగానే బొటనవేలు బటన్ మీదికి తెచ్చుకోండి, నొక్కకండి. గీత వచ్చి బెండును తాకిన క్షణంలో బెండు ఒక్కసారిగా కిందికి మునుగుతుంది, నీళ్ళు చిందుతాయి, "ఛప్" మని చప్పుడు వస్తుంది. అప్పుడు నొక్కాలి. గీత రాకుండా బెండు ఆడితే అది అల.

అలవాటు కావడానికి ఒక కిటుకు. మొదటి అయిదుసార్లు చేప పట్టే ఉద్దేశం పెట్టుకోకండి. గాలం వేసి ఊరికే చూడండి. గీత పుట్టడం, రావడం, మునగడం, ఆ చేప పోవడం, అయిదుసార్లు చూశాక కంటికి లయ తెలిసిపోతుంది. చేప పోయినా గాలం అక్కడే ఉంటుంది, కాసేపటికి ఇంకోటి వస్తుంది. ఈ మాట చెబితే నవ్వుతారు గానీ, ఆరోసారి నుంచి తప్పేవాళ్ళు తక్కువ.

చిన్న ఫోన్‌లో గీత కనబడకపోతే తెర వెలుగు పెంచండి, ఇయర్‌ఫోన్స్ పెట్టుకోండి. రాత్రిపూట నల్లటి నీళ్ళల్లో చుక్కలు చూడటం కష్టం, గట్టున రెండు టార్చ్‌లు పెడితే కనిపిస్తాయి. పగలైతే సూర్యుడి వెలుగు నీళ్ళ మీద మెరిసే వైపు కూర్చోకండి.

నెట్ ద్వారా స్నేహితుల వరల్డ్‌లో ఆడుతుంటే తెర మీద బెండు కాస్త ఆలస్యంగా మునుగుతుంది. అక్కడ చప్పుడు, చిందు అన్నీ అయ్యాక తీరిగ్గా లాగితే పోయినట్టే. మునక మొదలవగానే నొక్కండి.

6. లాగి, పడింది ఏమిటో చూసుకోండి

సరిగ్గా లాగితే చేప గాలిలో ఎగిరి మీ దగ్గరికి వస్తుంది, దానితో 1 నుంచి 6 దాకా ఎక్స్‌పీరియన్స్ పాయింట్లు. సంచీ నిండి ఉంటే చేప కింద పడిపోతుంది, 5 నిమిషాల్లో మాయమవుతుంది. అందుకే పక్కన పెట్టె ఉండాలన్నది.

మంత్రాలు లేని గాలానికి నూటికి సుమారు 85 చేపలు, 10 చెత్త, 5 నిధి. చేపల్లో 60 శాతం కాడ్, 25 శాతం సాల్మన్, 13 శాతం పఫర్‌ఫిష్, మిగిలిన 2 శాతం రంగురంగుల ట్రాపికల్ ఫిష్. చెత్త అంటే తోలు బూట్లు, ఎముక, గిన్నె, నీళ్ళ సీసా, కుళ్ళిన మాంసం వగైరా. అన్నిటినీ పారేయకండి. దారం పడితే దాచుకోండి, ఎముకను పొడి చేస్తే పంటకు ఎరువు. నిధి అంటే మంత్రాల పుస్తకం, మంత్రించిన విల్లు, మంత్రించిన గాలం, నేమ్ ట్యాగ్, నాటిలస్ గవ్వ, గుర్రపు జీను. 2025లో వచ్చిన అప్‌డేట్‌తో జీనును తోలు, ఇనుముతో మనమే చేసుకోవచ్చు, కాబట్టి దానికోసం గంటలు గంటలు గాలం వేసే కాలం పోయింది.

7. కాల్చుకు తినండి

పచ్చి కాడ్, పచ్చి సాల్మన్ తిన్నా ప్రాణానికి ముప్పేమీ లేదు గానీ ఆకలి తీరదు. ఒక్క ముక్క బొమ్మ, అంటే 2 పాయింట్లే నిండుతుంది. కాల్చిన కాడ్ 5 పాయింట్లు, కాల్చిన సాల్మన్ 6. పైగా కాల్చినవి తింటే మళ్ళీ ఆకలి వేయడానికి చాలా సేపు పడుతుంది.

ఫర్నేస్‌లో ఒక్కో చేపకు 10 సెకన్లు, ఒక బొగ్గుకు 8 చేపలు. ఫర్నేస్ చుట్టూ 4 దుంగలు పెట్టి స్మోకర్ చేసుకుంటే సగం సమయం. బొగ్గు కరువైతే క్యాంప్‌ఫైర్ మీద ఒకేసారి 4 చేపలు పెట్టొచ్చు, అర నిమిషం పడుతుంది, బొగ్గు వేయనక్కర్లేదు. దాని మీద నడవకండి, కాలుతుంది.

పఫర్‌ఫిష్‌ను మాత్రం తినకండి. పసుపు రంగు, ముళ్ళు. తింటే విషం, తల తిరుగుడు, ఉన్న ఆకలి కూడా హరించుకుపోవడం, మూడూ ఒకేసారి. నీళ్ళ కింద ఊపిరి నిలిపే మందు కాచడానికి పనికొస్తుంది, కాబట్టి దాచండి. హడావిడిలో చేప అనుకుని నొక్కేస్తారు, అందుకే దాన్ని చేతికి అందే వరసలో ఉంచకుండా వెంటనే పెట్టెలో వేసేయండి.

8. చీకటి పడకముందే సర్దుకోండి

గాలం వేసి బెండునే చూస్తూ ఉంటే వెనక ఏం వస్తోందో తెలియదు. దగ్గరికొచ్చి పేలిపోయే క్రీపర్ చప్పుడు లేకుండా వస్తుంది, "స్స్" అన్నది వినపడేసరికి ఆలస్యం. వీపుకు గోడ కట్టుకోండి. రాత్రి నదుల్లో, సముద్రంలో డ్రౌన్డ్ అనే నీటి శవాలు లేస్తాయి, కొన్నిటి చేతిలో త్రిశూలం ఉంటుంది, దూరం నుంచే విసురుతాయి. చీకటి పడగానే మంచం ఎక్కడమే మేలు. మూడు రాత్రులు నిద్ర మానేస్తే ఆకాశం నుంచి ఫాంటమ్‌లనే ఎగిరే భూతాలు దిగుతాయి, అది ఇంకో తలనొప్పి.

సరిగ్గా పడుతున్నాయో లేదో పరీక్ష

ఊరికే "తక్కువ పడుతున్నాయి" అంటే ఎవరికీ ఏమీ అర్థం కాదు. ఫోన్ గడియారం చూసుకుని వరసగా 10 పట్టండి. మంత్రాలు లేని గాలంతో, తప్పులు లేకుండా పడితే మూడు నాలుగు నిమిషాలు పడుతుంది.

ఏడెనిమిది నిమిషాలు పట్టిందా? పైన కప్పో కొమ్మో ఉంది. చోటు మార్చి మళ్ళీ చూడండి.

సమయం సరిగ్గానే ఉంది గానీ ఖాళీ గాలాలు ఎక్కువగా వస్తున్నాయా? తొందరపడి లాగుతున్నారు. అయిదో అంచెకు వెనక్కి వెళ్ళండి.

గీత వస్తోంది, బెండు మునుగుతోంది, లాగితే ఏమీ రావట్లేదా? ఆలస్యం చేస్తున్నారు, లేదా ఫోన్ నత్తనడక నడుస్తోంది. వెనక నడుస్తున్న యాప్‌లు మూసి, వీడియో సెట్టింగ్స్‌లో రెండర్ డిస్టెన్స్ తగ్గించండి.

20 పట్టినా నిధి ఒక్కటీ రాలేదని దిగులు పడకండి. నూటికి 5 అంటే 20కి ఒకటి గ్యారంటీ అని అర్థం కాదు. నాకు ఒకసారి 60 దాకా ఏమీ రాలేదు, ఆ తర్వాత వెంటవెంటనే రెండు పుస్తకాలు వచ్చాయి.

గాలానికి మంత్రాలు

మూడు మాటల్లో చెప్తాను. తిండి కోసమైతే లూర్, ఒక్కో మెట్టుకు నిరీక్షణ 5 సెకన్లు తగ్గుతుంది, మూడు మెట్లు ఉంటాయి. నిధి కోసమైతే లక్ ఆఫ్ ద సీ, మూడో మెట్టులో నిధి వాటా 5 నుంచి 11 శాతం దాకా పెరుగుతుంది, చెత్త సగానికి పైగా తగ్గుతుంది. గాలం అరగకుండా అన్‌బ్రేకింగ్, మెండింగ్. ఇవన్నీ ఒకే గాలం మీద ఉండొచ్చు. మొదటి రోజుల్లో ఒక్కటే దొరికితే నేనైతే లూర్ తీసుకుంటాను, ఎందుకంటే సమయం తగ్గితే చేపా, నిధీ రెండూ ఎక్కువే వస్తాయి. లూర్ ఎక్కాక గీత కూడా త్వరత్వరగా పుడుతుంది, వేలు బటన్ దగ్గరే ఉంచుకోండి.

చేపలు మరీ ఎక్కువైతే

పల్లె కనిపిస్తే అక్కడ పనిలేకుండా తిరిగే గ్రామస్తుడి దగ్గర ఒక పీపా పెట్టండి, వాడు జాలరి అవుతాడు. మొదట్లో 20 దారాలకు, లేదా 10 బొగ్గులకు ఒక పచ్చ (ఎమరాల్డ్, పల్లెల్లో చెల్లే డబ్బు) ఇస్తాడు. బేరాలు సాగి ఒక మెట్టు ఎక్కాక 15 పచ్చి కాడ్‌కు ఒక పచ్చ. అంటే కాడ్ మొత్తం కాల్చేయకుండా కొన్ని పచ్చివి ఉంచుకోవాలి.

అదే పల్లెలో పిల్లులు ఉంటాయి. పచ్చి కాడ్ గానీ సాల్మన్ గానీ చేత్తో పట్టుకుని, దూరంగా ఆగి, అది తనంతట తాను దగ్గరికి వచ్చేదాకా కదలకుండా ఉండండి. మీరు గబుక్కున అడుగు వేస్తే పారిపోతుంది. దగ్గరికి వచ్చాక పెడుతూ పోతే గుండె గుర్తులు పైకి లేస్తాయి, మెడలో పట్టీ వస్తుంది. దాన్ని గాలం వేసే చోటికి తెచ్చి పక్కన కూర్చోబెట్టండి. క్రీపర్లకు పిల్లంటే హడలు, ఆ దరిదాపులకు రావు. వెనక గోడ కట్టే ఓపిక లేనివాళ్ళు చేసేది ఇదే, నేను కూడా.